నర్సింగరావు తెర మీద బందగీ జాగ

‘మా భూమి’ అనే మాట మొదట ఎవరిది? సినిమా చూసినవాళ్ళు బి. నర్సింగరావుది అంటారు, కొందరు గౌతమ్ ఘోష్‌ది అంటారు. వయసు పైబడినవాళ్ళు, పార్టీ ఇళ్ళల్లో పెరిగినవాళ్ళు సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు కలిసి రాసిన నాటకాన్ని గుర్తు చేస్తారు. ఇంకాస్త వెనక్కి పోతే జనగామ నుంచి సూర్యాపేట పోయే రోడ్డు పక్కన, కామారెడ్డిగూడెం దగ్గర, ఒక సమాధి కనబడుతుంది. అది షేక్ బందగీది. నాటకానికీ సినిమాకూ పేరు పెట్టినవాళ్ళు ఎవరైనా కానీ, ఆ మాటను కోర్టులో నిలబడి అన్నవాడు బందగీ.

బందగీ పెద్ద మనిషేం కాదు. తన కొద్దిపాటి భూమిని తను దున్నుకునే రైతు. అప్పట్లో నల్లగొండ జిల్లాలో ఉన్న జనగామ తాలూకాలో విసునూరు దేశ్‌ముఖ్ రాపాక రామచంద్రారెడ్డి రాజ్యం నడుస్తున్నది. నలభై వేల ఎకరాల ఆసామి ఆయన. బందగీ భూమి మీద అతని సోదరుడికే కన్నుపడింది, ఆ సోదరుడు దొర మనిషి. పంచాయితీ కాస్తా దొర పంచాయితీ అయింది. బందగీ గడీకి పోయి కాళ్ళు మొక్కలేదు, కచేరీకి పోయాడు. ఏళ్ళ తరబడి తిరిగాడు, గెలిచాడు. గెలిచినవాణ్ణి 1941లో దొర మనుషులు దారి కాచి చంపేశారు.

ఇక్కడ మనం కాస్త ఆగాలి. అప్పటికి హైదరాబాద్ రాజ్యంలో ముస్లింలకు ఒక నినాదం నేర్పుతున్నారు – ‘అనల్ మాలిక్’. రాజ్యం ముస్లింది, కాబట్టి ప్రతి ముస్లిమూ పాలకుడే అని దాని భావం. బహదూర్ యార్ జంగ్ నోటి నుంచి వచ్చిన ఆ మాట పట్నంలో ఎంతమందికి కడుపు నింపిందో గానీ, కామారెడ్డిగూడెంలో మాత్రం పేరుకు మాలిక్ అయినవాడు దేశ్‌ముఖ్ దెబ్బకు నేలకొరిగాడు. ఉర్దూ తెలిసినవాళ్ళకు ఇంకో మాట కూడా తడుతుంది. బందగీ అంటే సేవ, దాస్యం, దేవుడి ముందు వంగడం. ఆ పేరు పెట్టుకున్న మనిషి దొర ముందు వంగనందుకు చచ్చిపోయాడు. చంపించిన దొర హిందువు, చచ్చినవాడు ముస్లిం, పైన నవాబు ముస్లిం. మతం లెక్కతో ఈ కథ చెప్పబోతే ముడి పడదు. అందుకేనేమో చెప్పడమే తగ్గిపోయింది.

బందగీ ఉదంతం మీద అల్లిన ‘మా భూమి’ నాటకాన్ని 1947లో ప్రజానాట్యమండలి దళాలు ఆంధ్ర ప్రాంతమంతా ఆడాయి. మద్రాసు ప్రభుత్వం నిషేధించేదాకా ఆడాయి. తెలంగాణ ముస్లిం రైతు చావు కోస్తా పల్లెల్లో పెట్రోమాక్స్ దీపాల వెలుగులో జనాన్ని ఏడిపించింది. ఆ తర్వాత ఇంకొకాయన, ఈ నేల మీద పుట్టని ఉర్దూ రచయిత కృష్ణ చందర్, ఇదే పోరాటం మీద ‘జబ్ ఖేత్ జాగే’ నవల రాశాడు. అందులో కథానాయకుడు రాఘవరావు వెట్టివాడి కొడుకు, ఉరికంబం ఎక్కబోయే ముందు తన బతుకంతా తలుచుకుంటాడు. తెలుగులో అది ‘జైత్రయాత్ర’ పేరుతో వచ్చింది. తెలంగాణ రైతు పోరాటం గురించి తొలినాళ్ళలోనే వచ్చిన పెద్ద కల్పనల్లో ఒకటి ఉర్దూలో వచ్చిందన్న సంగతి మన సాహిత్య చరిత్రలు ఒక్క వాక్యంతో సరిపెడతాయి. ఉర్దూ అంటే నవాబుల భాష, రజాకార్ల భాష అని తేల్చేసినవాళ్ళకు ఆ ఒక్క వాక్యం కూడా బరువే.

నాటకం పేరు, ఉర్దూ నవల కథ – ఈ రెంటినీ కలిపి సినిమా తీయాలని ముందుకొచ్చినవాడు నర్సింగరావు. మెదక్ జిల్లా గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో 1946లో పుట్టాడు. భూస్వాముల ఇల్లు. చిత్రకారుడు, కవి, ఫోటోలు తీసేవాడు. 1970ల మొదట్లో హైదరాబాదులో ఆర్ట్ లవర్స్ అసోసియేషన్ పేరుతో కుర్రాళ్ళను కూడగట్టాడు. జననాట్యమండలి పుట్టింది ఆ గుంపులోంచే, గద్దర్‌ను అటువైపు లాగిందీ ఆ గుంపే. అంటే సినిమా తీయాలన్న కోరిక కన్నా ముందు పాట, నాటకం, బస్తీల్లో గొంగడి కప్పుకుని ఆడటం ఉన్నాయి. సినిమా వాటికి కొనసాగింపుగా వచ్చింది. తెలుగు సినిమా వాళ్ళతో మద్రాసులో పరిచయాలు పెంచుకుని, ఒక హిట్టు కొట్టి, ఆ తర్వాత ‘మంచి సినిమా’ తీద్దాం అనుకునే బాపతు కాదు.

జి. రవీంద్రనాథ్‌తో కలిసి చైతన్య చిత్ర పేరుతో ‘మా భూమి’ తీశాడు. దర్శకుడు గౌతమ్ ఘోష్ అప్పటికి డాక్యుమెంటరీలు తీసిన కుర్రవాడు, తెలుగు రానివాడు. మొదటి కథాచిత్రం ఇదే. రామయ్య వేషం వేసిన సాయిచంద్ త్రిపురనేని గోపీచంద్ కొడుకు. నటుల్లో చాలామంది తెరకు కొత్త. 1979లో తయారై 1980లో థియేటర్లకు వచ్చిన ఈ సినిమా హైదరాబాదులో ఉదయం ఆటలతో ఏడాదికి మించి ఆడింది. ‘ఆర్టు సినిమా ఎవరు చూస్తార్లే’ అనే మాటను తెలుగులో అబద్ధం చేసిన సినిమా ఇదొక్కటే అంటే పెద్దగా తప్పు పట్టేవాళ్ళు ఉండరు.

అంతకుముందు మృణాల్ సేన్ వచ్చి 1977లో ప్రేమ్‌చంద్ ‘కఫన్’ కథను ‘ఒక ఊరి కథ’గా తీసిపోయాడు. మన హైదరాబాదు వాడే అయిన శ్యామ్ బెనెగల్ 1974లోనే ‘అంకుర్’ తీశాడు. అందులో షబానా ఆజ్మీ మాట్లాడిన దక్కనీ విని మా ఇళ్ళల్లో ఆడవాళ్ళు ‘అరె, ఇది మన మాటే గదా’ అని నవ్వుకున్నారట. బొంబాయి సినిమాలో దక్కనీ అప్పటిదాకా మహమూద్ నవ్వించడానికి వాడుకున్న భాష. ‘అంకుర్’లో మొదటిసారి అది ఏడ్చే మనిషి భాష అయింది. తెలంగాణ తెలుగుకు ‘మా భూమి’ చేసిన మేలు అదే. అప్పటిదాకా తెలుగు తెర మీద మా జిల్లాల యాస రౌడీకో నౌకరుకో దక్కేది. సాయిబు అయితే ఇంకా హీనం. వత్తులు లేని తెలుగు, నిఖా జోకులు, చేతిలో బిర్యానీ పళ్ళెం. ‘మా భూమి’లో రైతులు ఎట్లా మాట్లాడతారో అట్లా మాట్లాడారు. వాళ్ళ మాటలో జమీను, మహసూలు, తహసీలు, ఫైసలా, జులుం ఉన్నాయంటే అవి ఎవరో కలిపినవి కావు. నాలుగు వందల ఏళ్ళు ఒకే బావి నీళ్ళు తాగిన రెండు భాషలు అవి.

ఇక మక్బూల్ దగ్గరికి వద్దాం. ఊళ్ళో చంద్రి దొర పాలు కావడం చూసి రామయ్య పట్నం పారిపోతాడు. అక్కడ అతనికి మక్బూల్ తగులుతాడు. కార్మిక సంఘం మనిషి. రామయ్యకు లోకం తీరు విప్పి చెప్పేవాడు అతనే. ఊరికి తిరిగొచ్చిన రామయ్య సంఘం పెట్టే రామయ్య అయ్యాడంటే ఆ మధ్యలో ఒక ముస్లిం చెయ్యి ఉంది. కృష్ణ చందర్ నవలలో ఉన్న మనిషిని నర్సింగరావు, ఘోష్ సినిమాలోకి తెచ్చుకున్నారు. మక్బూల్‌ను చూసినప్పుడల్లా నాకు మఖ్దూం మొహియుద్దీన్ గుర్తొస్తాడు. ఉర్దూ కవి, పట్నం కార్మికులను కూడగట్టినవాడు, 1947 సెప్టెంబరు 11న రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డిలతో కలిసి సాయుధ పోరాటానికి పిలుపునిచ్చిన ముగ్గురిలో ఒకడు. నిజాం మీద తుపాకి పట్టమన్న ప్రకటన కింద ఉన్న మూడు పేర్లలో ఒకటి ముస్లిందని ఈ తరం తెలంగాణ పిల్లల్లో ఎంతమందికి తెలుసు?

తెలుగు సినిమాలో మక్బూల్ లాంటి ముస్లిం అంతకుముందు లేడు, ఆ తర్వాత కూడా తక్కువే. హీరో కోసం ప్రాణమిచ్చే నమ్మిన బంటు రహీం భాయ్ ఉంటాడు, అత్తరు పూసుకున్న నవాబు ఉంటాడు, 1990ల తర్వాత బాంబులు పెట్టే గడ్డపాయన ఉంటాడు. హీరోకు చదువు చెప్పే ముస్లిం ఉండడు. నర్సింగరావు బృందానికి దీనికి సలాం చేయాల్సిందే.

చేస్తూనే ఒక మాట అడగాలి. మక్బూల్ పట్నం వాడు. ఊరికి విప్లవం పట్నం నుంచి వచ్చింది, ముస్లిం కూడా పట్నం నుంచే వచ్చాడు. మరి ఊళ్ళో ముస్లిం ఏడీ? పేరు బందగీ నాటకానిది, కథానాయకుడు మాత్రం రామయ్య. వెట్టివాడి కొడుకు నాయకుడు కావడం సరైనదే, దానికి వంక పెట్టలేం. కానీ ఆ ఊళ్ళలో భూమి దున్నే షేకులూ సయ్యదులూ ఉన్నారు, దూది ఏకేవాళ్ళున్నారు, గుర్రాలకు నాడాలు కొట్టేవాళ్ళున్నారు, పీర్లు లేచే రాత్రి ఎవరు ఏ కులమో మర్చిపోయి అలావా చుట్టూ తిరిగే జనం ఉన్నారు. దొర గడీ ముందు వాళ్ళకూ చెప్పులు చేత పట్టుకుని నడిచే గతే. నవాబు మతం, తమ మతం ఒకటే అయినందుకు వాళ్ళ శిస్తు తగ్గలేదు. ఆ ముస్లింకు తెర మీద జాగ దొరికి ఉంటే, ఆ తర్వాత జరిగిన కొన్ని విషయాలు ఇంత తేలిగ్గా జరిగేవి కావేమో.

సినిమా చివర దొరలు తిరిగొస్తారు. 1948 సెప్టెంబరులో సైన్యం వచ్చింది, నిజాం లొంగిపోయాడు, ఊళ్ళ నుంచి పారిపోయిన దొరలు గాంధీ టోపీలు పెట్టుకుని ఆ సైన్యం వెనకాలే వచ్చారు. విమోచన అనే మాటకు ‘మా భూమి’ ఇచ్చిన జవాబు అది. ఆ సైన్యం రైతుల మీదికి తిరిగింది, 1951 దాకా పోరాటం నడిచింది, నాలుగు వేల మంది దాకా పోయారు. కమ్యూనిస్టులు చెప్పుకునే చరిత్ర ఇంతవరకూ వచ్చి ఆగుతుంది. అదే నెలల్లో ముస్లింలకు ఏం జరిగిందో ఆ చరిత్ర చెప్పదు, ఈ సినిమా ఎత్తుకున్న కథలోనూ అది లేదు. భారత ప్రభుత్వమే పంపిన పండిత్ సుందర్‌లాల్ బృందం 1948 చివర్లో ఊళ్ళు తిరిగి, చచ్చినవాళ్ళు 27 వేల నుంచి 40 వేల దాకా ఉంటారని అంచనా కట్టింది. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాలు ఎక్కువ దెబ్బతిన్నాయని రాసింది. ఆ నివేదికను దశాబ్దాల పాటు బయటపెట్టలేదు. ఎం.ఎస్. సత్యు ‘గరమ్ హవా’ తీసినట్టు ఉత్తరాదికి ఒక సినిమా ఉంది. మా దగ్గర జరిగినదానికి ఒక్కటీ లేదు.

రజాకార్లు చేసినది తక్కువ చేసి చెప్పడానికి కాదు ఇదంతా. జనగామకు ఎంతో దూరంలో లేని భైరాన్‌పల్లిలో 1948 ఆగస్టు 27న బురుజు కింద పదుల మందిని కాల్చేశారు. ఆ ఊరిని దాచి ఎవరూ చరిత్ర రాయలేరు, రాయగూడదు. కానీ దానికి అయిదు రోజుల ముందే, మానుకోట ప్రాంతంలో పుట్టిన షోయబుల్లాఖాన్‌ను కాచిగూడలో నరికి చంపారు. ‘ఇమ్రోజ్’ సంపాదకుడు, ఉర్దూలో రాసేవాడు, రజాకార్లకు ఎదురు రాసినందుకు పోయాడు. ఇద్దరినీ, అంటే భూమి కోసం పోయిన బందగీని, రాత కోసం పోయిన షోయబ్‌ను ఇచ్చింది ఇవాళ్టి జనగామ, మానుకోట జిల్లాల నేలే. నేను గతంలో పనిచేసిన ఒక పత్రికలో సెప్టెంబరు వచ్చిందంటే రజాకార్ల మీద ప్రత్యేక పేజీకి ఉర్దూ పుస్తకాల్లోంచి సరుకు తీసిపెట్టే పని నాకే పడేది. ఉర్దూ వచ్చినవాణ్ణి కదా! బందగీ మీద రాస్తానంటే మాత్రం ‘అది లోకల్ స్టోరీ, జిల్లా పేజీకి పంపించు’ అనేవాళ్ళు. రజాకారు రాష్ట్ర వార్త, బందగీ జిల్లా వార్త. ఒక జాతి జ్ఞాపకాన్ని ఎట్లా పేజీలు కడతారో నేను అక్కడ చూశాను.

గద్దర్ గొంగడి కప్పుకుని ఆ సినిమాలో పాడిన పాట సంగతీ అంతే అయింది. పోరాటంలో పుట్టిన బండి యాదగిరి పాట అది. సర్కారు మీద, ఆ సర్కారును ఊళ్ళో నిలబెట్టిన దొరతనం మీద ఎక్కుపెట్టిన పాట. అదే పాటను ఇవాళ సెప్టెంబరు 17 వేదికల మీద వింటే దొర ఎటో పోయి నవాబు ఒక్కడే మిగిలాడనిపిస్తుంది. ఆ రోజుకు 2022 నుంచి కేంద్రం ఒక పేరు పెడితే రాష్ట్రం ఇంకో పేరు పెట్టింది, 2024లో రాష్ట్రంలో ప్రభుత్వం మారాక మూడో పేరు వచ్చింది. ఏ పేరు పెట్టినా దేశ్‌ముఖ్ పేరు మాత్రం ఎవరూ ఎత్తరు. గడీల వారసులు అన్ని పార్టీల్లోనూ ఉన్నారు మరి.

ఈ లోకంలో నర్సింగరావు ఏం చేశాడో చూడండి. దొర ఇంట్లో పుట్టి దొర ఇంటి తలుపే తీశాడు. ‘మా భూమి’ గడీని బయటి నుంచి, కొడవలి పట్టుకున్న జనం నిలబడిన చోటి నుంచి చూపింది. 1988లో ఆయనే రాసి దర్శకత్వం వహించిన ‘దాసి’ లోపలి నుంచి చూపింది. 1920ల నాటి గడీ. దొరసానితో పాటు అరణంగా వచ్చే ఆడబాపల బతుకు. కమలాక్షి నీళ్ళు తోడుతుంది, కాళ్ళు కడుగుతుంది, పక్క పరుస్తుంది, ఆ పక్క మీదికి పిలిస్తే పోతుంది. కడుపు వస్తే తీయించేస్తారు. సినిమా అంతా కలిపినా మాటలు కొన్నే. పెద్ద పెద్ద వాకిళ్ళు, నడవాలు, వాటిల్లో ఆ పిల్ల నడిచే చప్పుడు. అపూర్వ కిశోర్ బీర్ కెమెరా ఎక్కడా పరుగెత్తదు. తోట వైకుంఠం వేసిన రంగులు, సుదర్శన్ కట్టించిన బట్టలు చూస్తే అది సెట్టు అనిపించదు. అర్చనకు ఉత్తమ నటి అవార్డు వచ్చింది. ఛాయాగ్రహణం, కళ, దుస్తులు, ఉత్తమ తెలుగు చిత్రం కలిపి మొత్తం అయిదు జాతీయ అవార్డులు. మాస్కో పండుగలోనూ గుర్తింపు దొరికింది.

అవార్డుల మాట అటుంచితే నన్ను ఈ సినిమాలో పట్టుకున్నది వేరే. ఎవరి ఇంటి పాపం వాళ్ళు చెప్పడం అంటే ఏమిటో ఇందులో కనబడుతుంది. దొర దుర్మార్గుడు అని అరవడం తేలిక. దొరసాని కూడా ఒక ఖైదీయే అని, ఆ ఖైదీయే ఇంకో ఆడదాని కడుపు తీయించే జైలరు అని చూపించాలంటే ఆ ఇంట్లో అన్నం తిని ఉండాలి. మన దేవ్‌డీల్లోనూ ఇట్లాంటి ఆడపిల్లలు ఉన్నారు. నవాబుల ఇళ్ళల్లో బాందీలు, ఖవాసులు, కరువు కాలంలో పిడికెడు గింజలకు అమ్ముడుపోయిన పిల్లలు. ఉర్దూలో వాళ్ళ మీద కథలున్నాయి. వాజిదా తబస్సుమ్ రాసి తిట్లు తిన్నది. ముస్లిం అస్తిత్వం గురించి ఇంతగా మాట్లాడే మనం దేవ్‌డీ తలుపు ఇంకా తీయలేదు. అష్రాఫ్ ఇళ్ళ సంగతి బయటపెడితే శత్రువులకు ఆయుధం ఇచ్చినట్టవుతుందని భయం. నర్సింగరావుకు ఆ భయం లేకపోవడానికి ఒక కారణం ఉంది లెండి – దొరల మీద ఎవరూ ఊరేగింపుగా రాళ్ళు తీసుకుని రారు.

‘దాసి’కి ముందు, 1983లో ‘రంగుల కల’ తీశాడు. చిత్రకారుడి వేషం తనే వేశాడు. బొమ్మలు కొనే పెద్దమనుషులకూ, బొమ్మల్లో ఉన్న బస్తీ జనానికీ మధ్య ఊగిసలాడే మనిషి కథ. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు వచ్చింది. నాకు అది కొంచెం పుస్తకంలా అనిపిస్తుంది, గద్దర్ పాట వచ్చినప్పుడు మాత్రం లేచి కూర్చుంటాం. ‘మా ఊరు’ డాక్యుమెంటరీ అట్లా కాదు. ఊరి పొద్దు, పనులు, పండుగ, చావు, వ్యాఖ్యానం తక్కువ, చూపు ఎక్కువ.

1990లో వచ్చిన ‘మట్టి మనుషులు’ గురించి మాత్రం చెప్పాలి. పాలమూరు వైపు నుంచి పట్నానికి వలస పోయి మేడలు కట్టే ఆలుమగల కథ. ఆడమనిషి అర్చన. మగమనిషి మొయిన్ అలీ బేగ్ – హైదరాబాదు నాటకరంగంలో పెద్దపేరైన ఖాదిర్ అలీ బేగ్ కొడుకు. ఉర్దూ నాటకాల ఇంటి నుంచి వచ్చిన కుర్రవాడు తెలంగాణ కూలీగా తట్ట మోశాడు. ఎవరూ దాన్ని విశేషంగా చెప్పుకోలేదు. చెప్పుకోకపోవడమే బాగుంది. ఈ సినిమా తలుచుకుంటే నాకు చెల్పూరు కళ్ళ ముందు మెదులుతుంది. ములుగు ఘణపురం దగ్గరి ఆ ఊరు ఇవాళ కాకతీయ థర్మల్ విద్యుత్ కేంద్రంతో లోకానికి తెలుసు. 500 మెగావాట్లది ఒకటి, 600 మెగావాట్లది ఒకటి. ఆ పొగగొట్టాలు లేచినప్పుడు బయటి రాష్ట్రాల నుంచి కూలీలు వచ్చి రేకుల షెడ్లల్లో ఉన్నారు. భూమి ఇచ్చిన ఇళ్ళ పిల్లలు కొందరు గేటు దగ్గర ఉద్యోగం కోసం నిలబడ్డారు, కొందరు పట్నంలో ఆటోలు నడుపుకున్నారు. కామారెడ్డిగూడెంలో భూమి పోవాలంటే కత్తులు కావాల్సి వచ్చింది. ఇక్కడ కాగితాలు సరిపోయాయి. మట్టి మనుషుల కథ నర్సింగరావు చెప్పిన దగ్గర ఆగలేదు, దాన్ని ఎత్తుకునే సినిమా ఆగిపోయింది.

ఎందుకు ఆగిందన్నది కష్టమైన లెక్కేం కాదు. ఇట్లాంటి సినిమాకు థియేటర్ దొరకదు, దొరికితే ఉదయం ఆట దొరుకుతుంది. 1980లలో దూరదర్శన్ ఆదివారం మధ్యాహ్నం ప్రాంతీయ భాషల అవార్డు చిత్రాలు వేసేది. మన ఊళ్ళలో చాలామంది ఇట్లాంటి సినిమాలు చూసింది పంచాయతీ ఆఫీసు టీవీలోనే. శాటిలైట్ చానళ్ళు వచ్చాక ఆ మధ్యాహ్నం కూడా పోయింది. ‘మట్టి మనుషులు’ తర్వాత నర్సింగరావు నుంచి ఇంకో కథాచిత్రం ‘హరివిల్లు’ రావడానికి 2003 దాకా పట్టింది. తన చేత్తో దర్శకత్వం వహించిన కథాచిత్రాలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మిగతా కాలమంతా బొమ్మలు, ఫోటోలు, కవిత్వం. ఆయన పని తక్కువ అని ఎవరైనా అంటే ఒప్పుకోను. వందల సినిమాలు తీసిన పరిశ్రమ తెలంగాణను చూపలేదు, నాలుగైదు తీసిన మనిషి చూపాడు.

పట్నం ముస్లింల సంగతి ఎత్తుకున్నది ఇంకొకరు. దీపా ధన్‌రాజ్ ఇక్కడ పుట్టిన మనిషే. 1983లో స్త్రీశక్తి సంఘటనతో కలిసి ఇంట్లో ఆడవాళ్ళు తినే దెబ్బల మీద తెలుగులో ‘ఇది కథ మాత్రమేనా’ తీసింది. 1984లో ఎన్టీఆర్‌ను దించి నాదెండ్లను కూర్చోబెట్టిన రోజుల్లో పాతనగరం తగలబడితే, హైదరాబాద్ ఏక్తా వాళ్ళతో కలిసి కెమెరా పట్టుకుని గల్లీల్లోకి పోయింది. 1986లో వచ్చిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’ అదే. ఊరేగింపులు, వేదికల మీది ఉపన్యాసాలు, ఆ తర్వాత కర్ఫ్యూలో కూలి పోగొట్టుకున్న ఇళ్ళు. రెండు వైపుల నాయకులనూ వదలలేదు. దాని నెగిటివు చివరికి బెర్లిన్‌లో బాగుపడింది. చార్మినార్‌కు రెండు కిలోమీటర్ల దూరంలో ఉన్నవాళ్ళకు ఈ సినిమా పేరు తెలియదు.

2024 మార్చి 15న ‘రజాకార్’ అనే సినిమా వచ్చింది. పెద్ద ఖర్చుతో, నాలుగైదు భాషల్లో, పెద్ద పెద్ద థియేటర్లలో వచ్చింది. ఉదయం ఆట కోసం అడుక్కునే అవసరం దానికి రాలేదు. ఆ వారం మా బంధువుల పిల్లవాడు, వరంగల్లులో ఇంజనీరింగ్ చదివేవాడు, ఫోన్ చేసి ఒకటే ప్రశ్న వేశాడు – ‘మామూ, అప్పుడు మనోళ్ళు అందరూ అట్లనే ఉండిరా?’ క్లాసులో ఎవరో అడిగారట, జవాబు చెప్పలేకపోయాడట. వాడికి ‘మా భూమి’ చూడమన్నాను. చూసి మళ్ళీ ఫోన్ చేశాడు. మక్బూల్ నచ్చాడు. ‘కానీ మామూ, ఆయన పట్నపాయన గదా, ఊళ్ళల్ల మనోళ్ళు ఏం చేసిండ్రు?’

కామారెడ్డిగూడెం చూపిస్తానని చెప్పాను. రోడ్డు మీదే ఉంటుంది, బస్సు దిగితే వెతకాల్సిన పని లేదు. ఏటా అక్కడ జనం కూడతారు. మొక్కులు మొక్కేవాళ్ళలో ఎక్కువమంది చుట్టుపక్కల హిందూ రైతులే. వాళ్ళకు అతను పోరాట వీరుడో పీరో తేడా లేదు. ఎర్రజెండా కట్టేవాళ్ళు జెండా కడతారు, పూలు వేసేవాళ్ళు పూలు వేస్తారు. ఇంతవరకు అక్కడికి ఒక్క సినిమా కెమెరా కథ అడగడానికి వచ్చి నిలబడినట్టు లేదు.